పురుగుమందును వాకిటనే ఆపు రసాయనము

నల్లమల యడవుల యంచున నున్న అచ్చంపేట ప్రాంతమున ప్రత్తియు, వేరుసెనగయు విరివిగా పండింతురు. ప్రత్తికి పురుగు పట్టినప్పుడు రైతు మందుపంపు వీపున తగిలించుకొని సాళ్ళ నడుమ నడచును. ఎండవేడిమికి మందమైన బట్ట కట్టలేడు. కాళ్ళుచేతులు తడియును, గాలి తిరిగినచో తుంపరలు మోముపై బడును. విషము నోట బడకున్నను చర్మము గుండ రక్తమున కలియునని పెక్కుమంది యెరుగరు. 2017 లో మహారాష్ట్రమందలి యవత్మాల్ జిల్లాలో ఇట్లు మందు చల్లుచునే ఇరువదిమంది దాక కర్షకులు, కూలీలు ప్రాణములు గోల్పోయిరి.

ఈ యాపదకు రసాయనశాస్త్రమున విరుగుడు వెదకిన వారిలో వేముల ప్రవీణ్ కుమార్ గారొకరు. బెంగుళూరునందలి 'ఇన్‌స్టెమ్' అను పరిశోధనాలయమున వీరు కృషి సల్పిరి. వీరి పరిశోధనలను వరుసగా పరికించినచో వానియందు ఒకే ప్రశ్న తోచును: హాని చేయు వస్తువును శరీరము వాకిటనే నిలుపుట యెట్లు?

ఇందుకు వీరు మొదట సాధనముగా గొన్నవి నానో కణములు. ఒక మిల్లీమీటరును పదిలక్షల భాగములు చేసిన అందొక భాగము నానోమీటరు. వస్తువు నంత సన్నము చేయుట వలన లాభమేమి? బెల్లపు అచ్చును నీట వేసిన మెల్లగా కరగును. పొడిచేసి వేసిన వెంటనే కరగును. బెల్లము అదియే, కాని నీటికి తగులు ఉపరితలము పెరిగినది. రసాయన చర్య ఉపరితలముననే జరుగును గనుక, సన్నని పొడి కొంచెమైనను ఎక్కువ పని చేయును.

2008 లో, న్యూయార్కున జార్జి జాన్ గారితోను, ఇతర సహచరులతోను కూడి, వంటనూనెల జాతికి చెందిన నూనెలతో చేసిన రంగులో వెండి నానో కణములు తమంతట పుట్టునట్లు చేసిరి. నూనె ఆరునప్పుడు జరుగు చర్యయే వెండి లవణమును కణములుగా మార్చును. ఆ రంగు పూసిన గోడపై సూక్ష్మజీవులు నశించును. అనంతరము అమెరికాలోనే జెఫ్రీ కార్ప్ గారితో కలసి 2011 లో మరియొక ఫలితమును ప్రకటించిరి. నగలయందును, నాణెములయందును ఉండు నికెల్ కొందరి చర్మమున దద్దురులు పుట్టించును. కాల్షియం కార్బొనేటు, అనగా సుద్ద, నానో కణములను లేపనమున కలిపి పూసిన, నికెల్ అయానులను అవి పట్టుకొనును. కణములు చర్మముపైననే నిలుచును. నీటితో కడిగిన పోవును. లోహములను పట్టు ఇ.డి.టి.ఎ. అను రసాయనముతో పోల్చిన, సుమారు పదునొకండవ వంతు బరువుతోనే అంత పని జరిగినది.

ఇదే యోచన పురుగుమందు విషయమున ఫలించినది. ఆర్గనోఫాస్ఫేటు జాతి మందులు నరముల కొనలయందలి ఎసిటైల్‌కోలిన్ ఎస్టరేజు అను ఎంజైమును బంధించును. అప్పుడు నరముల సందేశము ఆగక, కండరములు అదురును, ఊపిరి యాడదు. విషము సోకిన పిమ్మట వైద్యులు ఆక్సైము జాతి ఔషధమును సూదిద్వారా ఇత్తురు. లోపల జరుగు ఈ చికిత్సను వెలుపలికి దెచ్చుటయే ప్రవీణ్ కుమార్ గారి బృందము చేసిన పని. రొయ్యల పెంకులనుండి లభించు కైటోసాను అను పెద్ద యణువునకు ఆక్సైమును తగిలించి లేపనము చేసిరి. అణువు పెద్దదగుట వలన చర్మము లోనికి దూరదు. పైననే యుండి విషమును చీల్చివేయును. 2018 లో ప్రకటించిన ప్రయోగములలో మిథైల్ పారథియాను సోకిన ఎలుకలు లేపనము లేనిచో నాలుగు దినములలో చచ్చినవి. లేపనము పూసినవి అన్నియు బ్రతికినవి.

పొలమునకు పోవుచు ఒడలెల్ల లేపనము పూసికొనుట సులభము కాదు. అందుచే అట్టి చర్యనే నూలుబట్టకు అంటగట్టిరి. సెపియో హెల్త్ అను సంస్థతో కూడి సిద్ధపరచిన ఈ దుస్తులను 2024 డిసెంబరులో 'కిసాన్ కవచ్' అను పేర వెలువరించిరి. వీనిని ఉతికి మరల తొడుగవచ్చును. అప్పటి వెల 4,000 రూపాయలు.

దీని హద్దులను గూడ చెప్పవలయును. ఈ చర్య ఆర్గనోఫాస్ఫేట్లు, వాని తీరుననే ఎంజైమును బంధించు కార్బమేట్లు అను జాతులకు సంబంధించినది. ప్రతి మందునకు ఇదే విరుగుడని తలపరాదు. నాలుగువేల రూపాయలు దినకూలికి మందు కొట్టువానికి చిన్న మొత్తము గాదు. మందు కొట్టువాడే దుస్తులు కొనవలయుననక, చేని యజమానులును, సహకార సంఘములును సమకూర్చినగాని, పరిశోధనాలయపు ఫలము చేను చేరదు.

అందాక గాలికి ఎదురుగా మందు కొట్టకుండుట, పని ముగిసిన వెంటనే సబ్బుతో స్నానము చేయుట, తడిసిన బట్టలను వేరుగా ఉతుకుట, ఇవి ప్రతివారి చేతిలోనివి. వాకిటనే విషమును నిలుపుమని రసాయనశాస్త్రము చెప్పుచున్నదియు ఇదియే.