బస్సు పర్మిట్‌పై కోర్టుకెళ్తే జడ్జిలు ఏం చూస్తారు? కృష్ణా జిల్లా కేసు నుంచి 5,100 రూట్ల దాకా..

మీ ఊరికి రోజూ వచ్చే ఆర్టీసీ బస్సు రూట్‌ను రేపు ప్రైవేటుకు ఇస్తామంటే? లేదా ప్రైవేటు బస్సు తీసేసి ఆర్టీసీకే ఇస్తామంటే? అడ్డుచెప్పే హక్కు మీకు ఉందా? ఉంది. అయితే దానికో గడువుంది.

పర్మిట్ ఎవరిస్తారు?

1988 మోటారు వాహనాల చట్టం ప్రకారం ఆర్టీఏ ఇస్తుంది. సెక్షన్ 80 ప్రకారం మామూలుగా దరఖాస్తును కాదనకూడదు. కాదంటే కారణం రాసివ్వాలి, దరఖాస్తుదారుడి వాదన వినాలి. అన్యాయం జరిగిందనుకుంటే సెక్షన్ 89 కింద రవాణా అప్పిలేట్ ట్రిబ్యునల్‌కు వెళ్లొచ్చు.

"నా రూట్‌లో ఇంకో బస్సు వద్దు" అని పాత ఆపరేటర్ అడ్డుకోవచ్చా? 1939 నాటి పాత చట్టంలో ఆ వీలుండేది. కొత్త చట్టంలో లేదని 1991లో మిథిలేశ్ గార్గ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది.

విన్నది ఒకరు.. తేల్చింది ఇంకొకరు!

ఈ విషయంలో దేశమంతా చెప్పుకునే కేసు మన కృష్ణా జిల్లాదే. అక్కడి బస్సు రూట్లను ఆర్టీసీకి అప్పగించే స్కీమ్‌పై ప్రైవేటు ఆపరేటర్లు అభ్యంతరం చెప్పారు. వారి వాదన విన్నది రవాణా శాఖ కార్యదర్శి. స్కీమ్‌కు ఓకే చెప్పింది మాత్రం ముఖ్యమంత్రి. ఒకరు విని మరొకరు నిర్ణయిస్తే ఆ విచారణకు అర్థమే లేదంటూ 1958లో గుల్లపల్లి నాగేశ్వరరావు కేసులో సుప్రీంకోర్టు స్కీమ్‌ను కొట్టేసింది. మెజారిటీ తీర్పు రాసింది తెలుగువారైన జస్టిస్ కోకా సుబ్బారావు. తర్వాత ముఖ్యమంత్రే స్వయంగా అభ్యంతరాలు విన్నారు. 1959లో ఆ స్కీమ్ కోర్టులో నిలబడింది. అంటే తప్పు స్కీమ్‌ది కాదు, వినే పద్ధతిది!

2019లో ఏం జరిగింది?

తెలంగాణ ఆర్టీసీ సమ్మె నడుస్తుండగా నవంబర్ 2న కేబినెట్ 5,100 రూట్లలో ప్రైవేటు బస్సులకు పర్మిట్లివ్వాలని నిర్ణయించింది. దీనిపై హైకోర్టులో పిల్ పడింది. సెక్షన్ 67 కింద ప్రభుత్వానికి ఆ అధికారం ఉందంటూ నవంబర్ 22న కోర్టు పిల్‌ను కొట్టేసింది.

మరి మీరేం చేయొచ్చు?

* ఆర్టీసీకి రూట్ అప్పగించే ప్రతిపాదనను గెజిట్‌లో, కనీసం ఒక ప్రాంతీయ భాషా పత్రికలో వేయాలి.
* గెజిట్‌లో వచ్చిన 30 రోజుల్లోగా ఎవరైనా అభ్యంతరం చెప్పొచ్చు. సెక్షన్ 100 ఇదే చెబుతోంది. బస్సు ఓనరే కానక్కర్లేదు.
* ఆమోదం పొందిన స్కీమ్‌ను మార్చాలంటే సెక్షన్ 102 ప్రకారం ఆర్టీసీతో పాటు నష్టపోయేవాళ్ల మాట కూడా వినాలి.

బస్సు ఎవరు నడపాలన్నది ప్రభుత్వం ఇష్టం. చట్టం చెప్పినట్టు అందరి మాటా విన్నారా, లేదా అన్నదే కోర్టు ప్రధానంగా చూస్తుంది. అందుకే పేపర్లో మూలన వచ్చే ఆ చిన్న ప్రకటనను వదిలేయకండి. 30 రోజులు దాటితే మీ మాటకు బలం తగ్గిపోతుంది.