బెదరిన మూగజీవికి పాదాంశిక క్రమం

మా అబ్బాయి కొండాపూర్‌లో ఒక అపార్ట్‌మెంటులో ఉంటాడు. 1998లో సైబర్ టవర్స్ ప్రారంభమైన తరువాత మాదాపూర్, గచ్చిబౌలి, కొండాపూర్ ప్రాంతాలన్నీ అంతస్తుల మేడలతో నిండిపోయాయి. పెరడు లేని ఆ ఇళ్లలో పెంపుడు కుక్కకు నాలుగు గదులే లోకం. అందులోకి వచ్చే ప్రతి కొత్త వస్తువూ దానికి దొంగలాగే తోస్తుంది.

గత ఏడాది వారింటికి వాక్యూమ్ క్లీనర్ వచ్చింది. మోత వినగానే కుక్క వణుకుతూ మంచం కింద దూరింది. "అలవాటైతే అదే పోతుంది" అంటూ నేనే గొలుసు పట్టి యంత్రం దగ్గరకు లాగాను. అది నిలుచున్న చోటనే మూత్రం పోసింది. రెండు రోజులు అన్నం ముట్టలేదు.

ఆ తప్పుకు నా అజ్ఞానం కారణం కాదు, మరపు కారణం. చరకసంహిత సూత్రస్థానం 7వ అధ్యాయాన్ని గురుకులంలో కంఠస్థం చేసినవాడిని. అలవాటైన అహితాన్ని ఒక్కసారిగా విడువక, హితాన్ని ఒక్కసారిగా పట్టక, నాలుగవ పాలు చొప్పున, నడుమ విరామమిస్తూ మార్చుకోవాలని అందులో ఉంది. అది మనుష్యులకు చెప్పిన మాటే. అయినా సాత్మ్యం, అనగా ఒంటికి పడే అలవాటు, క్రమంగానే కలుగుతుందన్న సూత్రం మూగజీవికీ వర్తిస్తుంది. నేటి పశువైద్యులు చెప్పే పద్ధతి కూడా ఇదే.

మనిషి చెవి సుమారు 20,000 హెర్ట్‌జ్‌ల వరకే వింటుంది. కుక్క సుమారు 45,000 వరకు, పిల్లి అంతకు మించి వింటాయి. మనకు అందని కీచుధ్వని కూడా వాటిని బాధించవచ్చు.

ఆచరించవలసిన విధానం

1. యంత్రాన్ని నడపకుండా ఒక మూల ఉంచండి. కుక్క బెదరని దూరంలో ఉడికించిన గుడ్డుముక్క పెట్టండి.

2. రోజులు గడిచేకొద్దీ ఆ దూరాన్ని కొద్దికొద్దిగా తగ్గించండి.

3. తలుపు మూసిన వేరే గదిలో కొన్ని క్షణాలు నడపండి. మోత వినబడగానే తిండి పెట్టండి, మోత ఆగగానే తిండి ఆపండి.

4. చివరగా అదే గదిలో, దూరం నుండి, కొద్దిసేపు నడపండి.

తోక ముడిచినా, చెవులు వెనక్కి వాల్చినా, ఇష్టమైన తిండి ముట్టకపోయినా వెనుకటి మెట్టుకు వెళ్లాలి. దాక్కున్న చోటు నుండి లాగకూడదు. పిల్లికైతే ఎక్కి కూర్చునే ఎత్తైన చోటు విడిచిపెట్టాలి.

హెచ్చరిక

మన ఇంటి మందులు వాటికి పెట్టకండి. కర్పూరం, ఉల్లి, వెల్లుల్లి కుక్కకూ పిల్లికీ హానికరం. ద్రాక్ష, కిస్‌మిస్ కుక్క మూత్రపిండాలను చెడగొట్టగలవు. పారాసిటమాల్ పిల్లి ప్రాణమే తీయగలదు. భయం తగ్గకపోయినా, కరవబోయినా పశువైద్యునికి చూపించాలి.

మా కుక్కకు ఐదు వారాలు పట్టింది. ఇప్పుడు యంత్రం మోగితే వంటింటి గుమ్మంలో కూర్చుని గుడ్డుముక్క కోసం ఎదురుచూస్తుంది. నా చేతిలో గొలుసు కనబడితే మాత్రం నేటికీ రెండడుగులు వెనక్కి వేస్తుంది. దానికీ నాలుగవ పాలు చొప్పునే చికిత్స చేస్తున్నాను.