పిల్లి ఆహారపు సంచిపై నున్న సంఖ్య

పటాన్‌చెరు, బొల్లారము, పాశమైలారము పారిశ్రామిక వాడలలోని ఔషధ కర్మాగారములలో పనిచేయు వారికి బ్యాచి నంబరు విలువను వేరుగా బోధింప నక్కరలేదు. ఒక మాత్రలో దోషము కనబడినచో, ఆ మాత్ర ఏ దినమున ఏ ముడిసరకుతో తయారైనదో, దానితోడి సరకు ఏయే దుకాణములకు చేరినదో తెలిపి, సర్వమును వెనుకకు రప్పించుటకు ఆధారము ఆ చిన్న ముద్రయే. పిల్లుల కొఱకు అమ్ముడగు ఆహారమునకును ఈ న్యాయమే వర్తించును. కాని పెద్ద సంచి విప్పి కిలో, అరకిలో చొప్పున తూచి యిచ్చిన ఆహారమును పేరు లేని కవరులో తెచ్చుకొనునపుడు ఆ సంఖ్య దుకాణములోనే నిలిచిపోవును. పిమ్మట రీకాలు, అనగా సరకును వెనుకకు పిలుచు వార్త వెలువడినను, అది మన పిల్లికి సంబంధించినదో కాదో తెలిసికొను మార్గముండదు.

2007 మార్చిలో కెనడాకు చెందిన మెనూ ఫుడ్స్ సంస్థ ఆరు కోట్ల డబ్బాలను, పౌచులను వెనుకకు పిలువవలసి వచ్చినది. చైనా నుండి దిగుమతియైన గోధుమ గ్లూటెనులో మెలమైను అను రసాయనమును కలిపి యుండుటయే దానికి హేతువు. మాంసకృత్తులను నేరుగా కొలువక నత్రజనిని బట్టి లెక్కగట్టు పరీక్షకు, బరువులో మూడింట రెండు వంతులు నత్రజనియే యైన మెలమైను మాంసకృత్తు వలెనే గోచరించును. అది సయనూరికామ్లముతో గూడి మూత్రపిండముల సూక్ష్మనాళములలో స్ఫటికములై పేరుకొనగా ఎన్నియో పిల్లులు, కుక్కలు మరణించినవి. నోరు లేని జీవుల పాత్రలోనికి ధనాశచే విషము కలిపిన యీ ఉదంతము కంటె హేయమైనది వాణిజ్య చరిత్రలో అరుదని నా విశ్వాసము.

కల్తీ లేకున్నను ముప్పు తప్పదు. 1972లో పటాన్‌చెరులో నెలకొన్న పంటల పరిశోధన సంస్థ ఇక్రిసాట్ శాస్త్రజ్ఞులు చిరకాలముగా పోరాడుచున్న శత్రువులలో వేరుసెనగకు పట్టు ఆస్పర్జిల్లస్ అను బూజు ఒకటి. అది పుట్టించు అఫ్లటాక్సిను, 1960లో ఇంగ్లండున బ్రెజిలు వేరుసెనగ పిండిని తిన్న టర్కీ కోళ్లు లక్షకు పైగా చచ్చిన పిదపనే లోకమునకు తెలియవచ్చినది. ఈ విషమును స్వల్పవ్యయముతో కనిపెట్టు ఎలైసా పరీక్షను ఇక్రిసాట్ వారు రూపొందించిరి. బూజు పట్టిన వేరుసెనగ గాని మొక్కజొన్న గాని పిల్లి ఆహారములో చేరెనేని, వండినను ఆ విషము పూర్తిగా నశింపదు. కంటికి గాని ముక్కునకు గాని తెలియకయే కాలేయమును చెఱచును. వాసన చూచి మంచిచెడ్డలు నిర్ణయించుట ఇచట చెల్లదు.

కావున ఆహారమును దాని సంచిలోనే మూతి బిగించి యుంచి, పాతదానిపై క్రొత్తది పోయక, సంచిపై ముద్రను ఫోనులో ఫొటో తీసి దాచవలెను. రీకాలు వార్త వినినంతనే ఆ ఆహారము పెట్టుట మాని, గిన్నెను సబ్బుతో వేడినీట కడిగి, మిగిలినదానిని వీథిపిల్లుల పాలు గానీయక, కొంత పరీక్ష నిమిత్తము మూసి యుంచవలెను. వాంతులు, ఆహారముపై విముఖత, చిగుళ్లు పచ్చబడుట, మూత్రము అధికమగుట లేక ఆగిపోవుట కనబడినచో, ఆ సంచితో సహా పిల్లిని వెంటనే పశువైద్యుని యొద్దకు కొనిపోవలెను. మానిన ఆహారమునకు బదులుగా ఉప్పు, ఉల్లి, వెల్లుల్లి లేని ఉడికించిన కోడిమాంసము కొలది దినములకు చాలును; పస్తు మాత్రము ఉంచరాదు, ఏలయన కొన్ని దినముల నిరాహారముననే, విశేషించి బొద్దైన పిల్లికి, కాలేయమున క్రొవ్వు పేరుకొనును. నొప్పి తగ్గునని తలచి ఇంటనున్న పారాసెటమాలు మాత్ర నెన్నడును ఇయ్యరాదు. దానిని నిర్వీర్యము చేయు ఎంజైము పిల్లి కాలేయమున మిక్కిలి కొఱవడుటచే ఒక్క మాత్రయే ప్రాణాంతకము కాగలదు.