పసుపు రైతు కొడుకు, మందుల దారులు

చిటికెడు పసుపులో కాస్త తడిసున్నం కలిపి చూడండి. ఎర్రబడుతుంది. ఇళ్ళల్లో పారాణి కలిపేది ఇలాగే. నిజానికి అక్కడ రంగు మార్చుకున్నది పసుపంతా కాదు, అందులో ఉన్న కుర్కుమిన్ అనే పదార్థం. కర్బనం 21, హైడ్రోజన్ 20, ఆక్సిజన్ 6 పరమాణువులు కలిసి ఏర్పడిన అణువది. నూరు కిలోల ఎండు పసుపులో అది 2 నుంచి 5 కిలోలు మాత్రమే ఉంటుంది. నిజామాబాదు జిల్లా ఆర్మూరు రైతు దుంప తవ్వి, ఉడికించి, ఎండబోసి, మెరుగు పట్టించి, కొమ్ములుగా అమ్ముతాడు. ఆ కొమ్ములోని అణువును విడదీయగలవాడి సరుకు వేరు, దాని ధర వేరు.

అణువుల విద్య నేర్చిన ఒక పసుపు రైతు కొడుకు కథ చెబుతాను. ఆయనది ఆర్మూరు కాదు, గుంటూరు జిల్లా తాడేపల్లి. పేరు కల్లం అంజిరెడ్డి. ఆయన మందులు చేసింది పసుపుతో కాదు సుమా! గుంటూరులో బి.ఎస్సీ., ఆపైన బొంబాయిలో మందుల రసాయనశాస్త్రం చదివి, 1969లో పూనాలోని జాతీయ రసాయన ప్రయోగశాల నుంచి డాక్టరేటు పొందారు. ఆ ఏడే హైదరాబాదు ఐ.డి.పి.ఎల్.లో ఉద్యోగంలో చేరారు. సోవియట్ సహకారంతో ప్రభుత్వం పెట్టిన మందుల కర్మాగారమది. ఆరేళ్ళు పనిచేసి, 1975లో బయటికి వచ్చారు.

సర్కారు ఉద్యోగం వదులుకునేంత ధైర్యం ఎలా వచ్చింది? కొంత జవాబు ఒక చట్టంలో ఉంది. ఆర్మూరును ఒక మందు అనుకోండి. హైదరాబాదు నుంచి అక్కడికి కామారెడ్డి మీదుగా వెళ్ళవచ్చు. చుట్టూ తిరిగినా సరేననుకుంటే కరీంనగర్, జగిత్యాల, మెట్‌పల్లి మీదుగానూ చేరవచ్చు. పాత చట్టం ప్రకారం మందును కనిపెట్టినవాడికి ఊరి మీదే హక్కు. ఏ దారిన వచ్చినా లోపలికి రానివ్వడు. 1970లో చేసి 1972లో అమలుకు తెచ్చిన పేటెంటు చట్టం మందుల విషయంలో ఊరి మీద హక్కు తీసేసి, దారి మీద మాత్రమే ఉంచింది. అంటే అదే అణువును వేరే రసాయన మార్గంలో తయారు చేస్తే తప్పులేదు.

ఇది ఒకరి పంట మరొకరు కోసుకోవడం కాదా అని మీలో ఎవరైనా అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. కానీ ఖరీదైన మందు కొనలేక చనిపోయేవాడి వైపు నుంచి చూస్తే, ఆ చట్టం చేసినవారిది తప్పనలేం.

కొత్త దారి వేయడం కాగితం మీద గీసినంత సులువు కాదు. పచ్చిపసుపు నూరు కిలోలు ఎండితే ఇరవైకి అటూ ఇటూ మిగులుతుందని రైతు బిడ్డలకు తెలుసు. మందుల్లోనూ ఇదే తంతు. ఒక మందు తయారీలో అయిదు మెట్లున్నాయనుకోండి. ప్రతి మెట్టులోనూ నూటికి 80 వంతులు దక్కితే, అయిదో మెట్టు దాటేసరికి మిగిలేది 33. అదే 90 వంతులు దక్కించుకుంటే 59! కావాలంటే లెక్క వేసి చూడండి. ఒక్కో మెట్టులో పది వంతుల తేడాతో చివరి సరుకు దాదాపు రెట్టింపయింది. వేడి, పీడనం, ద్రావణి, ఉత్ప్రేరకం మార్చి మార్చి ఆ పది వంతులు రాబట్టడమే ఇటువంటి పరిశ్రమలో అసలు విద్య. మందు చవకయ్యేది అక్కడే.

ఆ విద్యతోనే అంజిరెడ్డి వరుసగా సంస్థలు పెట్టారు. 1976లో యూనిలాయిడ్స్. అక్కడ అమీబా వల్ల వచ్చే జిగట విరేచనాలకు వాడే మెట్రోనిడజోల్ చేశారు. 1980లో స్టాండర్డ్ ఆర్గానిక్స్. అక్కడ బాక్టీరియాను అణచే సల్ఫామెథాక్సజోల్. 1984లో డాక్టర్ రెడ్డీస్ లాబొరేటరీస్. అక్కడ రక్తపోటును తగ్గించే మిథైల్ డోపా. రెండేళ్ళు తిరిగేసరికి, 1986లో, ఆ మిథైల్ డోపా విదేశాలకు ఎగుమతి అయింది.

అయితే ఊరి మీద హక్కు ఏదో ఒకనాడు తిరిగి వస్తుందని ఆయన గ్రహించారు. అలాగే 2005లో చట్టం మారింది కూడా. అప్పుడిక మన ఊరు మనమే కట్టుకోవాలి, అంటే లోకంలో లేని కొత్త అణువును కనిపెట్టాలి. అందుకని 1993లోనే పరిశోధన సంస్థను నెలకొల్పారు. 1997లో అక్కడ పుట్టిన బాలాగ్లిటజోన్ అనే మధుమేహపు మందుపై హక్కులను డెన్మార్కుకు చెందిన నోవో నార్డిస్క్ కొనుక్కుంది. ఒక భారతీయ సంస్థ తాను కనిపెట్టిన అణువును విదేశీ సంస్థకు అలా ఇవ్వడం అదే మొదలు. మరుసటి ఏడు రాగాగ్లిటజార్ అనే రెండో అణువు వెళ్ళింది. మధుమేహంతోపాటు రక్తంలో కొవ్వునూ అదుపు చేస్తుందని దానిమీద పెద్ద ఆశలు.

2002లో, మనుషులపై పరీక్షలు సాగుతుండగానే, ఆ మందు దీర్ఘకాలం తిన్న ఎలుకల మూత్రాశయంలో కణితులు కనిపించాయి. ఎలుకకు వచ్చిన కణితి మనిషికీ వచ్చి తీరుతుందని రూఢి లేదు. అయినా ఏళ్ళ తరబడి రోజూ మింగవలసిన మందు కదా! పరీక్షలు ఆపేశారు. ఆపడమే సరైన పని. బాలాగ్లిటజోన్ కూడా చివరికి మందుగా నిలవలేదు. 2013 మార్చి 15న అంజిరెడ్డి కన్నుమూసేనాటికి ఆయన సంస్థ మందులు దేశదేశాల దుకాణాల్లో ఉన్నాయి. తాము కనిపెట్టిన కొత్త అణువు మాత్రం ఒక్కటీ ఆ అరల్లోకి చేరలేదు.