పెట్టెలోని ఉర్దూ కాగితం

జుమా నమాజు ముగిశాక మా దగ్గరికి ఎవరో ఒకరు పాత కాగితం పట్టుకొని రావడం మామూలైపోయింది. "మౌల్వీ సాబ్, ఇందులో ఏముందో కాస్త చదివి చెప్పండి" అంటారు. తాతల నాటి పెట్టెలో దొరికిన ముంతఖబో, మరేదో నకలో అయి ఉంటుంది. నిజాం కాలపు దఫ్తరు కాగితాలు ఉర్దూలో, అందులోనూ గొలుసుకట్టు రాతలో ఉంటాయి. తెచ్చినవారు తెలుగు మీడియంలో చదివినవారు. వారి వకీలుకూ ఉర్దూ రాదు. పైన 1340 అని ఉంటే హిజ్రీ అనుకుంటారు. అది ఫస్లీ. దానికి 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది.

ఈమధ్య ఒక పెద్దాయన తెచ్చిన ముంతఖబ్‌లో 'మష్రూతుల్ ఖిద్మత్' అన్న మాట కనిపించింది. మస్జిద్‌లో ఇమామత్, అజాన్ సేవ చేసేందుకు ఆయన ముత్తాతకు ఆ భూమి ఇచ్చారు. "మా ముత్తాత పేరుంది కదా, భూమి మాదే కదా!" అని ఆయన ఆశ. మష్రూత్ అంటే షరతుతో కూడినది, ఖిద్మత్ అంటే సేవ. పేరు ముత్తాతదే, కాని షరతు మస్జిద్‌ది. ఈ మాట చెప్పగానే ఆయన ముఖం చిన్నబోయింది.

ఇది ఒక్క ఇంటి గొడవ కాదు. హైదరాబాద్ పక్కన మణికొండ జాగీరులో హజ్రత్ హుస్సేన్ షా వలీ దర్గా పేరిట సాగిన పెద్ద వ్యాజ్యం కూడా ఈ మాట చుట్టూనే తిరిగింది. అక్కడి భూమి 1654 ఎకరాల 32 గుంటలు. ఆ భూముల్లో పెద్ద పెద్ద కంపెనీల భవనాలు లేచాయి. 1989 గెజిట్‌లో ఆ దర్గాకు చూపిన స్థలం 5506 చదరపు గజాలు మాత్రమే. మిగిలిన భూమంతా వక్ఫే అంటూ బోర్డు 2006లో సవరణ ప్రకటన తెచ్చింది. 2012లో హైకోర్టు బోర్డు వైపు నిలిచింది. 2022 ఫిబ్రవరి 7న సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టివేసింది. అది సేవా షరతుతో ఇచ్చిన జాగీరేగాని వక్ఫ్ కాదని, జాగీర్ల రద్దుతో భూమి ప్రభుత్వానికి చేరిందని చెప్పింది. సర్వే, విచారణ లేకుండా సవరణ పేరుతో ఇంత భూమి చేర్చడాన్నీ తప్పుపట్టింది.

1995 వక్ఫ్ చట్టం నిర్వచనంలోనే మష్రూతుల్ ఖిద్మత్ అన్న మాట ఉంది. ధార్మిక పనులకు ఇచ్చిన గ్రాంట్లలో దానినీ కలిపారు. అయినా కేసు నిలవలేదు. తీర్పుపై మాకూ మనసులో బాధ ఉంది. కాని 1989లో గెజిట్ అచ్చయినప్పుడు దానిని ముంతఖబ్‌తో పోల్చి చూసినవారు ఎవరు? అప్పుడే అభ్యంతరం చెప్పి ఉంటే 2006లో సవరణ అవసరమే ఉండేది కాదు. ఈ ప్రశ్న కోర్టును అడిగేది కాదు, మనల్ని మనం అడుక్కోవలసింది.

దీనికి మరో పక్క కూడా ఉంది. 1998లో సయ్యద్ అలీ కేసులో, ఒకసారి వక్ఫ్ అయినది ఎప్పటికీ వక్ఫేనని, ఇనాంల రద్దు చట్టం కింద పట్టా వచ్చినంత మాత్రాన ఆ అంకితం చెరిగిపోదని సుప్రీంకోర్టే చెప్పింది. ఖైబర్ భూమి విషయంలో హజ్రత్ ఉమర్ (రజి) దైవప్రవక్త (స) సలహా అడిగి పెట్టిన షరతులు మన పిల్లలకూ తెలుసు: అమ్మరాదు, బహుమతిగా ఇవ్వరాదు, వారసత్వంగా పంచుకోరాదు. కనుక పట్టా చూపించి సేవా భూమిని ప్లాట్లు చేసి అమ్మిన ముతవల్లీల వారసులకు 1998 తీర్పు ఊరట కాదు. కబ్జాదారు అంటే మనకు పరాయివాడే గుర్తుకొస్తాడు గాని, చాలా ఊళ్లలో మొదటి సంతకం మనవాళ్లదే.

2025లో వచ్చిన సవరణ చట్టంతో కాగితం విలువ ఇంకా పెరిగింది. వక్ఫ్ భూమికి కాలపరిమితి చట్టం వర్తించదన్న పాత 107వ సెక్షన్‌ను తీసేశారు. అంటే ఆక్రమణ జరిగిన ఏళ్లు లెక్కకు వస్తాయి. కేవలం వాడుక ఆధారంగా కొత్తగా వక్ఫ్ ఏర్పడే మార్గమూ మూసుకుపోయింది. 2025 సెప్టెంబరు 15న సుప్రీంకోర్టు కొన్ని సెక్షన్లను ఆపింది గాని ఈ రెంటినీ ఆపలేదు. వివరాలు పోర్టల్‌లో ఎక్కించడానికి ఆ ఏడాది జూన్ 6 నుంచి ఆరు నెలల గడువు పెట్టారు. అప్పుడు పెట్టెలు తెరిచిన కమిటీలు ఎన్నో. కొన్నిటికి చెద పట్టింది.

మస్జిద్, ఖబ్రస్తాన్, ఆషూర్‌ఖానా ఏదైనా సరే, ముంతఖబ్ ఉంటే ఉర్దూ తెలిసినవారితో చదివించి తెలుగులో రాయించండి. అందులోని సర్వే నంబరు, ఎకరాలు, గుంటలు గెజిట్‌లో ఉన్నవాటితో కలుస్తాయో లేదో చూడండి. తేడా ఉంటే వెంటనే బోర్డుకు రాసి, అందినట్టు రసీదు తీసుకోండి. అసలు కాగితం ఎవరికీ ఇవ్వకండి, వకీలుకు కూడా నకలు చాలు.

ఆ పెద్దాయన మళ్లీ వచ్చారు. ముంతఖబ్‌లో ఉన్నది నాలుగు ఎకరాలు. గెజిట్‌లో ఎంత రాశారో ఆయన ఎన్నడూ చూడలేదట. వచ్చే జుమాకు నకలు తెస్తానన్నారు.