చిత్రకారుడి చూపులో తెలంగాణ గడి

పెద్ద స్టూడియోల పెట్టుబడికీ, పంపిణీదారుల షరతులకూ, తారల గిరాకీకీ లోబడకుండా దర్శకుడు తన ఊహకు కట్టుబడి తీసే చిత్రాన్ని స్వతంత్ర సినిమా అంటారు. తెలుగులో ఆ మాటకు పూర్తిగా తగిన దర్శకుడు బి. నర్సింగరావు. 1946లో మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్‌లో పుట్టి, చిత్రలేఖనం అభ్యసించి, కవిగా, ఛాయాచిత్రకారుడిగా కూడా కృషి చేసిన ఆయన సినిమాలకు తాళంచెవి ఆయన చిత్రకళలోనే ఉంది.

తెలంగాణ సాయుధ పోరాటాన్ని కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా చూపిన ‘మా భూమి’ని గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో నిర్మించిన తరువాత, నర్సింగరావు ‘రంగుల కల’తో తానే దర్శకుడయ్యారు. అందులో చిత్రకారుడి పాత్రను కూడా ఆయనే ధరించారు. బొమ్మను కొనగలిగిన వారికీ, ఆ బొమ్మలో కనిపించే శ్రమజీవులకూ మధ్య నలిగే కళాకారుడి కథ కనుక, దానిని ఆయన ఆత్మశోధనగా చూడటం సమంజసమే.

ఆయన శైలి పరిణతి చెందినది మాత్రం ‘దాసి’ (1988)లో. గడి అంటే దొర నివాసం. అది కోటలాగా ఊరి మీద అధికారం చలాయించే చోటు కూడా. దొరసాని పెళ్లయి వచ్చేటప్పుడు పుట్టింటివారు సామాన్లతో పాటు ఒక ఆడపిల్లను కూడా వెంట పంపే ఆచారం అప్పట్లో ఉండేది. అలా గడికి చేరిన కమలాక్షి చాకిరీనీ, దొర వల్ల కలిగిన గర్భాన్ని ఆమె బలవంతంగా పోగొట్టుకోవలసి రావడాన్నీ ఈ చిత్రం దాదాపు మాటలు లేకుండానే చెబుతుంది. నేరాన్ని ఖండించే సంభాషణ ఒక్కటీ అవసరం పడకపోవడమే దాని బలం. తలుపులు, మెట్లు, వాకిళ్లు, వాటి మధ్య ఒదిగి నడిచే ఒక స్త్రీ, ఇవన్నీ తెర చట్రంలో అమరిన తీరులోనే ఎవరి స్థానం ఎక్కడో ప్రేక్షకుడికి బోధపడుతుంది. సన్నివేశ స్థలాన్నీ, వస్తువులనూ, వర్ణాలనూ తీర్చిదిద్దే కళాదర్శకత్వాన్ని ప్రసిద్ధ చిత్రకారుడు తోట వైకుంఠానికి అప్పగించడం ఇందుకు ఎంతో తోడ్పడింది. ఉత్తమ తెలుగు చిత్రంతో పాటు అర్చన నటనకూ, ఎ.కె. బీర్ ఛాయాగ్రహణానికీ, వైకుంఠం కళాదర్శకత్వానికీ, దుస్తుల రూపకల్పనకూ కలిపి దానికి 5 జాతీయ పురస్కారాలు లభించాయి. వాటిలో మూడు కంటికి కనిపించే పనికే దక్కడం యాదృచ్ఛికం కాదు.

ఆ తరువాత ‘మట్టి మనుషులు’ (1990)లో ఆయన దృష్టి గడి గోడలను దాటి, పల్లెలో బతుకుదెరువు లేక నగరానికి వలస వచ్చి, తాము ఎన్నడూ నివసించబోని భవనాలకు ఇటుకలు మోసే కూలీల మీదికి మళ్లింది.