వ్యాలిడిటీ రాకముందు ఉద్యోగానికి భరోసా ఎంత?

మహారాష్ట్రలో రిజర్వేషన్ కోటాలో ఉద్యోగం చేస్తున్న మనవాళ్ళు సంఘానికి వచ్చి తరచూ అడిగే మాట ఒకటే: "ఫైలు ఇంకా కమిటీ దగ్గరే ఉంది, ఈలోగా ఉద్యోగం తీసేస్తారా?" అందరికీ ఉపయోగపడుతుందని ఆ సంగతి ఇక్కడ వివరిస్తున్నాం.

అధికారి ఇచ్చే కుల సర్టిఫికెట్ ఒకటి. పరిశీలన కమిటీ దాన్ని సరిచూసి ఇచ్చే వ్యాలిడిటీ సర్టిఫికెట్ మరొకటి. 2001 అక్టోబరు 18 నుంచి అమల్లో ఉన్న రాష్ట్ర చట్టం ప్రకారం మొదటిది రెండోదానికి లోబడే చెల్లుతుంది. కులం నిరూపించుకునే భారం కూడా మనదే.

ఫైలు పెండింగ్‌లో ఉన్నంత మాత్రాన మనం తప్పు చేసినట్టు కాదు. 1994లో మాధురి పాటిల్ కేసులో సుప్రీంకోర్టు ఈ విచారణకు పద్ధతి చెప్పింది. విజిలెన్స్ వాళ్ళు సొంతూరికి వెళ్ళి బడి రికార్డులు చూడాలి. రిపోర్టు వ్యతిరేకంగా ఉంటే నకలు ఇచ్చి మన జవాబు వినాలి. వీలైనంతవరకు రెండు నెలల్లో తేల్చాలి. నిర్ణయం మనకు వ్యతిరేకమైతే హైకోర్టుకు వెళ్ళవచ్చు. కులం నిజమా కాదా అని తేల్చేది కమిటీయే, మన ఆఫీసు కాదు. అయితే దరఖాస్తే పెట్టనివారికి, నోటీసుకు జవాబివ్వనివారికి ఈ మాట అక్కరకు రాదు.

"ఇరవై ఏళ్ళు చేశాం, ఇప్పుడేం తీస్తారు" అన్న ధీమా మాత్రం వద్దు. సర్టిఫికెట్ చెల్లదని తేలితే దానితో వచ్చిన ఉద్యోగం నిలవదని, ఎన్నేళ్ళ సర్వీసు ఉన్నా అది రక్షణ కాదని 2017 జులైలో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు తర్వాత 2019 డిసెంబరు 21న రాష్ట్ర ప్రభుత్వం ఎస్టీ క్లెయిమ్ చెల్లని ఉద్యోగులను 11 నెలల తాత్కాలిక అదనపు పోస్టుల్లోకి మార్చాలని ఉత్తర్వు ఇచ్చింది. పర్మనెంటు ఉద్యోగం ఏడాదైనా గ్యారంటీ లేని ఉద్యోగమైంది.

మన తెలుగువారికి చిక్కు పేర్ల దగ్గర వస్తుంది. మన్నేర్‌వార్లు ఎస్టీ జాబితాలో ఉంది. మున్నూర్‌వార్ ప్రత్యేక వెనుకబడిన వర్గంలో ఉంది. మరాఠీ బడి రిజిస్టరులో ఒక్క అక్షరం అటూ ఇటూ అయితే వర్గమే మారిపోతుంది. కొన్నిచోట్ల కులం గడిలో 'తెలంగి', 'కామాఠీ' అని మాత్రమే రాసి ఉంటుంది. తాతది ఒకటి, మనవడిది ఒకటి ఉంటే విజిలెన్స్ మొదట అడిగేది అదే.

రెండో చిక్కు నివాసం. ఒక రాష్ట్రంలోని ఎస్సీ, ఎస్టీ హోదా వలస వెళ్ళిన రాష్ట్రానికి వెంట రాదని 1990లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ముంబయిలో మెడికల్ సీటు అడిగిన తెలుగు విద్యార్థి కేసే అది. అందుకే మన కుటుంబం ఎస్సీలైతే 1950 ఆగస్టు 10, ఎస్టీలైతే 1950 సెప్టెంబరు 6, ఓబీసీలైతే 1967 అక్టోబరు 13 నాటికే ఇక్కడ ఉన్నట్టు కాగితం కావాలి.

ఇంట్లో ఇప్పుడే చేసుకోవలసిన పనులు ఇవి. తాత, తండ్రి, మేనత్తల బడి రిజిస్టరు నకళ్ళు, జనన మరణ నమోదులు, భూమి కాగితాలు తీసి పెట్టండి. స్వాతంత్ర్యానికి ముందు కాగితాలకు ఎక్కువ విలువ ఉంటుందని, ఆచారాల పరీక్ష ఒక్కటే నిర్ణయం కాదని 2023 మార్చిలో సుప్రీంకోర్టు చెప్పింది. తండ్రి వైపు రక్తసంబంధీకుల్లో ఎవరికైనా వ్యాలిడిటీ వచ్చి ఉంటే ఆ నకలు జత చేయండి. దరఖాస్తు రసీదు, ఇచ్చిన ప్రతి జవాబు నకలు దాచండి. ఆఫీసుకు కూడా రాతపూర్వకంగా తెలియజేసి, చేరినట్టు సంతకం తీసుకోండి.

పిల్లలు పన్నెండో తరగతిలో ఉండగానే ఈ పని మొదలుపెడితే ఉద్యోగంలో చేరేనాటికి వ్యాలిడిటీ చేతిలో ఉంటుంది. పాత కాగితం దొరికేది ఊళ్ళోని పెద్దలు ఉన్నన్నాళ్ళే. వాళ్ళను అడగడం ఈ సెలవుల్లోనే మొదలుపెట్టండి.